రెండో సినిమాకి పన్నెండేళ్ళు

(మహిళా కార్యకర్తల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



సినిమాల్లో స్త్రీలను ఎలా చూపిస్తున్నారన్న విషయం మనం చాలాసార్లు చర్చించుకున్నాం. సినిమా తీసే స్త్రీ ఎలా బతుకుతుందన్నది అంతగా మాట్లాడుకోలేదు. అందుకే ఈరోజు అమెరికన్ దర్శకురాలు కెల్లీ రైకర్ట్ పనిజీవితాన్ని మీ ముందు పెడుతున్నాను.

1964లో మయామీలో పుట్టిన రైకర్ట్ మొదటి సినిమా 'రివర్ ఆఫ్ గ్రాస్'. అది 1994లో సన్‌డాన్స్ చిత్రోత్సవంలో పోటీకి ఎంపికైంది. ఆ తర్వాత ఆమె పూర్తి నిడివి సినిమా 'ఓల్డ్ జాయ్' వచ్చింది 2006లో. మధ్యలో పన్నెండేళ్ళు! అలాగని ఆమె ఖాళీగా కూర్చోలేదు. సూపర్ 8 కెమెరాతో 'ఓడ్' (1999), మరికొన్ని చిన్న చిత్రాలు తీసింది. పెద్ద సినిమాకి మాత్రం పెట్టుబడి దొరకలేదు. కొన్నేళ్ళు సొంత నివాసమంటూ లేక తెలిసినవాళ్ళ ఇళ్ళలో తలదాచుకుంది. తాను స్త్రీ కావడానికీ దీనికీ చాలా సంబంధం ఉందని తర్వాత ఇంటర్వ్యూల్లో ఆమే చెప్పింది.

ప్రతిభ ఉంటే ఎవరూ ఆపలేరంటారు. మరి 1994లో ఉన్న ప్రతిభ ఈ పన్నెండేళ్ళూ ఏమైంది? 2006లో కొత్తగా పుట్టుకొచ్చిందా? ఆమె చేసిందల్లా కొద్దిపాటి డబ్బుతో, చిన్న బృందంతో తీసే పద్ధతిని అలవరచుకోవడం. 'ఓల్డ్ జాయ్' మొదలు తన సినిమాలకు తనే ఎడిటింగ్ చేసుకుంటోంది. ఏళ్ళ తరబడి బార్డ్ కాలేజీలో పాఠాలు చెబుతూ వచ్చింది. 'స్వతంత్ర సినిమా' అన్న గౌరవప్రదమైన మాట వెనక ఇంత శ్రమ ఉంది.

ఆమె సినిమాలు చూపిస్తే నా విద్యార్థులు, "ఇందులో ఏమీ జరగలేదు మేడమ్" అంటారు. ఏం జరుగుతుందో చూద్దాం. 'వెండీ అండ్ లూసీ' (2008)లో వెండీ పని వెతుక్కుంటూ తన కుక్కతో అలాస్కాకు బయల్దేరుతుంది. దారిలో కారు చెడిపోతుంది. కుక్క తిండి దొంగిలించి అరెస్టవుతుంది. తిరిగొచ్చేసరికి కుక్క ఉండదు. చిరునామా లేనిదే పని దొరకదు, పని లేనిదే చిరునామా దొరకదు. బస్తీల్లో రేషన్ కార్డుల కోసం తిరిగిన మీకు ఈ కథ విడమరిచి చెప్పాలా?

'మీక్స్ కటాఫ్' (2010) కథ 1845 నాటిది. బళ్ళు కట్టుకుని పడమటికి పోతున్న కుటుంబాలు ఎడారిలో దారి తప్పుతాయి. ఎటు పోవాలో మగవాళ్ళు తేలుస్తుంటారు. దూరంగా నిలబడ్డ ఆడవాళ్ళకు ఆ మాటలు సగమే వినిపిస్తాయి, మనకీ అంతే. 'సర్టెన్ విమెన్' (2016)లో లాయరు లారా నెలల తరబడి చెప్పినా నమ్మని క్లయింటు, అదే మాట మగ లాయరు చెప్పగానే ఒప్పుకుంటాడు. 'షోయింగ్ అప్' (2022)లో శిల్పి లిజీ ఆర్ట్ కాలేజీ ఆఫీసులో ఉద్యోగం చేస్తూ తన ప్రదర్శనకు బొమ్మలు తయారుచేసుకుంటుంది. అద్దెంట్లో వేడినీళ్ళు రావు, ఇంటి ఓనరు బాగుచేయించదు. కళ గురించి మాట్లాడేటప్పుడు మనం వదిలేసే గీజరు, అద్దె, ఆఫీసు వేళలే ఇక్కడ కథ.

స్త్రీల కష్టాలు చూపించడానికి కన్నీళ్ళు, బలమైన డైలాగులు అవసరం లేదని ఈ సినిమాలు నాకు నేర్పాయి. ఒక మనిషిని ఓపిగ్గా గమనిస్తే చాలు, ఆమె చుట్టూ ఉన్న వ్యవస్థ దానంతటదే బయటపడుతుంది.

రైకర్ట్ నిలబడింది. 2022లోనూ, 'ది మాస్టర్‌మైండ్'తో 2025లోనూ కాన్ ప్రధాన పోటీ విభాగం దాకా వెళ్ళింది. కానీ ఆమె పట్టుదలను పొగిడి ఊరుకుంటే ఆ పన్నెండేళ్ళ బాధ్యత ఎవరిదో అడగనట్టే. మధ్యలోనే ఆగిపోయినవాళ్ళ పేర్లు మనకు తెలియవు కూడా.

నా విన్నపం ఒక్కటే. చిత్రోత్సవాలనూ నిధులిచ్చే సంస్థలనూ ఎంతమంది స్త్రీలకు మొదటి అవకాశమిచ్చారని అడిగి వదిలెయ్యకండి. వాళ్ళలో ఎందరు రెండో సినిమా తీశారు, మధ్యలో ఎన్నేళ్ళు పట్టింది, ఆ ఏళ్ళు ఎలా గడిచాయి అని కూడా అడగండి. కుట్టుశిక్షణ ఇచ్చి, సర్టిఫికెట్ చేతిలో పెట్టి పంపేసిన ఆడవాళ్ళ గురించి మన సంస్థలు వేసుకోవలసిన ప్రశ్నలూ ఇవే.