ముడి వేసిన మాట

అధ్యక్ష స్థానం నుంచి ఒక కవిని పరిచయం చేయాలంటే పుస్తకాల పట్టిక చదవడం ఆనవాయితీ. చిలీ కవయిత్రి సెసిలియా వికూన్యా దగ్గర ఆ ఆనవాయితీ చెల్లదు. ఆవిడ కవిత్వంలో మేలైనది చాలావరకు పుస్తకాలకెక్కలేదు.

వికూన్యా 1948లో సాంటియాగోలో పుట్టారు. ఇరవై ఏళ్లు నిండకముందే, 1966లో, కోన్‌కోన్ సముద్రతీరాన కొట్టుకొచ్చిన పుల్లలూ చెత్తా ఏరి ఇసుకలో నిలబెట్టారు. అల వచ్చి తుడిచేసింది. తుడిచేయడం కూడా ఆ కళలో భాగమేనన్నది ఆవిడ పట్టు.

ఆ రోజుల్లోనే కిపు అనే ముడుల దారం ఆవిడ చేతికి చిక్కింది. ఆండీస్ కొండల్లో ఇన్కా పాలకులు జనాభా లెక్కలూ పన్నుల లెక్కలూ దారాలకు వేసిన ముడుల్లో దాచేవారు. మరచిపోకుండా మన ఆడవాళ్లు కొంగున ముడి వేసుకుంటారు కదా, ఆ ముడితో ఏకంగా రాజ్యమే నడిపారన్నమాట! స్పానిష్ పాలనలో, 1583లో, లీమా క్రైస్తవ మతసభ కిపులను నాశనం చేయమని ఆదేశించింది. వికూన్యా ఆ దారాన్ని మళ్లీ అందుకున్నారు.

1973లో చిలీలో సైనిక కుట్ర జరిగేనాటికి ఆవిడ లండన్‌లో చదువుకుంటున్నారు. ఆ ఏడాదే బొమ్మలూ కవితలూ కలిపి ‘సబోరామి’ పుస్తకాన్ని 250 ప్రతులు తెచ్చారు.

బొగోటాలో 1979లో చేసిన పని మాత్రం నిలబడి చూడవలసింది. కల్తీ పాలు తాగి కొలంబియాలో 1,920 మంది పిల్లలు చనిపోయారని అప్పట్లో అంచనా. గ్లాసెడు పాలు ఒలకబోస్తానని వికూన్యా ముందే చాటారు. దక్షిణ అమెరికా విమోచన నాయకుడు సిమోన్ బొలీవర్ నివసించిన ఇంటి ముందు నేల మీద గ్లాసు పెట్టారు, దానికి ఎర్రదారం చుట్టారు, లాగారు. పాలు ఒలికాయి. కవితను కూడా ఆ నేల మీదే రాశారు. ప్రదర్శన మొత్తం ఇంతే. ఇందులో బొమ్మ ఏది, కవిత ఏది, నటన ఏది అని విడదీయబోయే విమర్శకుడికి మిగిలేది ఖాళీ గ్లాసు.

కవితాపఠనంలోనూ ఇదే తీరు. గుసగుసగా మొదలుపెడతారు, కూనిరాగం తీస్తారు, మధ్యలో ఆపి ఏదో కథ ఎత్తుకుంటారు, శ్రోతల మధ్య దారం పరుస్తారు. అచ్చైన కవితకూ వినిపించే కవితకూ ఒక్కోసారి పొంతనే ఉండదు. అనువాదకురాలు రోసా అల్కలా ఈ పఠనాలను రాతలోకి దించి 2012లో ‘స్పిట్ టెంపుల్’గా తెచ్చారు. మాట దొర్లిన తీరంతా పట్టుకోవాలని చూసిన సంపాదకత్వం అది. శ్రమ తెలిసినవారికే విలువ తెలుస్తుంది.

2022లో వెనిస్ బియెన్నాలే కళాప్రదర్శన వికూన్యాకు జీవన సాఫల్యానికి గోల్డెన్ లయన్ ఇచ్చింది. అదే ఏడాది లండన్ టేట్ మోడర్న్ మ్యూజియం హాల్లో 27 మీటర్ల ఎత్తున ఆవిడ కిపులు వేలాడాయి: వడకని ఉన్ని, నార, థేమ్స్ ఒడ్డున ఏరిన వస్తువులు, వాటి నడుమ స్పీకర్లలోంచి పాటలు. చూడ్డానికి ఘనమే. బొగోటా గ్లాసు ముందు ఆ హాలు చిన్నబోతుందనేవారితో మాత్రం ఈ అధ్యక్షుడికి పేచీ లేదు.

వికూన్యా మీద పత్రాలు చదవబోయేవారు ముందు ఆవిడ గొంతు ఐదు నిమిషాలు వినిపించి, ఆ తరువాత విశ్లేషణకు దిగితే సభకు మేలు.