పదేళ్ల మందమున్న గాజు



ఫిజిక్స్ చెప్పిన మాస్టారి పేరు మీద జరిగే ఈ సభలో నేను ఒక కథలోని సిద్ధాంతం గురించి మాట్లాడబోతున్నాను. క్లాసులో ఎవరేం చెప్పినా మాస్టారు వెంటనే "ఎంత?" అనేవారు. వేడెక్కుతుందా, ఎంత? వంగుతుందా, ఎంత? ఆ ప్రశ్న కల్పనకు కూడా వేయాలని నా నమ్మకం. వేస్తే కథ చెడదు. కథలో దాగిన ఫిజిక్స్ బయటపడుతుంది.

కథ పేరు 'లైట్ ఆఫ్ అదర్ డేస్'. బెల్‌ఫాస్ట్‌లో పుట్టిన బాబ్ షా రాశాడు. 1966లో అనలాగ్ పత్రికలో వచ్చింది. అందులో స్లో గ్లాస్ అని ఒక గాజు ఉంటుంది. ఈ పక్క నుంచి లోపలికి వెళ్లిన వెలుతురు ఆ పక్కకు రావడానికి ఏళ్లు పడుతుంది. కొండలూ నీళ్లూ కనిపించే చోట పలకను ఏళ్ల తరబడి నిలబెడతారు. పట్నంలో ఇరుకింటివాళ్లు దాన్ని కొని గోడకు బిగించుకుంటే, అన్నేళ్లూ వాళ్ల కిటికీలో ఆ కొండలే. స్కాట్లండ్‌లో ఈ గాజు అమ్ముకునే హేగన్ దగ్గరికి ఒక జంట వస్తుంది. అతని ఇంటి కిటికీలో భార్యా బిడ్డా తిరుగుతూ కనిపిస్తారు. ఇద్దరూ కారు గుద్ది ఏళ్ల కిందటే పోయారు. గాజులో వాళ్ల వెలుతురు ఇంకా మిగిలి ఉంది.

దూరాన ఉన్న నక్షత్రం నుంచి చూస్తే భూమి గతం కనిపిస్తుందన్న ఊహ అంతకుముందే ఉంది. జర్మనీలో ఫెలిక్స్ ఎబెర్టీ 1846లో దాని మీద చిన్న పుస్తకమే రాశాడు. ఫ్రెంచి ఖగోళవేత్త కమీల్ ఫ్లమారియాన్ 'ల్యూమెన్'లో దాన్ని కథగా మలిచాడు. వాళ్ల ఊహకు కాంతి సంవత్సరాల దూరం కావాలి. షాకు ఒక గాజు పలక చాలు. అతను ప్రకృతిని అడిగిన మినహాయింపు కూడా ఒక్కటే, వేగం. వెలుతురు వెనక్కి నడవదు, జరిగింది మారదు, చూడగలం కానీ పిలవలేం. హేగన్ దుఃఖమంతా ఆ నియమంలోనే ఉంది. ఒక్క మినహాయింపుతో ఇంత రాబట్టిన కల్పిత సిద్ధాంతాలు చాలా తక్కువ.

ఇక "ఎంత?"

పలక మందం 6 మిల్లీమీటర్లు అనుకుందాం. మామూలు గాజులో కాంతి సెకనుకు రెండు లక్షల కిలోమీటర్లు పోతుంది. సెకనును 3,300 కోట్ల భాగాలు చేస్తే, అందులో ఒక్క భాగంలో ఈ పలకను దాటేస్తుంది. అదే దూరానికి పదేళ్లు పట్టాలంటే కాంతి రోజుకు 1.6 మైక్రాన్లు మాత్రమే కదలాలి. తల వెంట్రుక మందం దాటడానికే నెలన్నర. ఒక పరమాణువు వెడల్పు దాటడానికి పది సెకన్లు అటూ ఇటూ.

వక్రీభవన గుణకాన్ని పెంచి ఈ వేగం తేవాలంటే, అది 16 పక్కన 18 సున్నాలంత ఉండాలి. మామూలు గాజుకు 1.5. గుణకం పెరిగేకొద్దీ పరావర్తనమూ పెరుగుతుందని ఇంటర్‌లో చదువుకున్నాం. అంత గుణకమున్న పలకలోకి వెలుతురు దాదాపు ఏమీ దూరదు. మన ముఖమే మనకు కనిపిస్తుంది.

దీనికి ప్రయోగశాల వేరే దారి చూపించింది. 1999లో లెనె హౌ బృందం అతిశీతల సోడియం పరమాణువుల మేఘంలో కాంతి స్పందాన్ని సెకనుకు 17 మీటర్లకు దించింది. అక్కడ గుణకం దాదాపు 1 దగ్గరే ఉంటుంది. రంగు కాస్త మారితే చాలు, గుణకం చాలా నిటారుగా మారిపోతుంది. స్పందం నెమ్మదించేది ఆ నిటారుతనం వల్లే. కాబట్టి పరావర్తనం బాధ లేదు. అయితే ఈ పద్ధతి అతి సన్నని పౌనఃపున్యాల పట్టీలోనే పని చేస్తుంది. కొండల పచ్చదనం, ఆకాశం నీలం, బిడ్డ గౌను రంగు ఒకే కిటికీలో ఇమడవు.

ఇంకో చిక్కుంది, నాకు అన్నిటికన్నా ఇష్టమైనది ఇదే. గుణకం 1 అయితే కిరణం వంగదు, ఏటవాలుగా వచ్చింది గాజులోనూ ఏటవాలుగానే పోతుంది. 60 డిగ్రీల కోణంలో వచ్చిన కిరణం రెట్టింపు మందం దాటాలి. అంటే ఎదురుగా ఉన్న కొండ పదేళ్ల నాటిది, కిటికీ అంచున కనిపించే చెట్టు ఇరవయ్యేళ్ల నాటిది. ఒకే పలకలో రెండు కాలాలు. షా ఈ కిటికీ గురించి కూడా రాసి ఉంటే ఎంత బాగుండేదో!

శక్తి లెక్కా చూడాలి. చదరపు మీటరు పలక మీద పగలూ రాత్రీ కలిపి సగటున 50 వాట్ల వెలుతురు పడుతుందనుకుంటే, పదేళ్లకు 4,380 యూనిట్లు. అదంతా గాజు లోపలే ఉంది. పలక పగిలి అది ఒక్కసారిగా బయటికొస్తే దాదాపు నాలుగు టన్నుల టీఎన్‌టీ పేలినట్టే. అలాంటి సరుకు ఇళ్లలోకి పోనిచ్చే ప్రభుత్వం ఉండదు.

వెలుతురును ఆపడం మాత్రం కథల్లోనే ఉండిపోలేదు. ఆపడమంటే కాంతి అక్కడే కూర్చోవడం కాదు. స్పందం మోసుకొచ్చిన సమాచారం పరమాణువుల స్పిన్ స్థితుల్లో ముద్ర పడుతుంది. అదుపు చేసే లేజరును ఆర్పితే ముద్ర నిలుస్తుంది, మళ్లీ వెలిగిస్తే అది కాంతిగా బయటికొస్తుంది. 2013లో జర్మనీలోని డార్మ్‌స్టాట్ పరిశోధకులు ఒక స్ఫటికంలో ఇలా నిమిషం దాకా నిలిపారు. అదే పద్ధతిలో చారల బొమ్మనూ దాచి మళ్లీ బయటికి తీశారు. 2021లో చైనాలోని హెఫెయ్‌లో యూరోపియం కలిపిన స్ఫటికంలో అది గంట దాకా వెళ్లింది. కథ అడిగిన పదేళ్లలో ఇది 87,600వ వంతు. అక్కడి పరిశోధకులకు కావలసింది కిటికీ కాదు, క్వాంటం సమాచారానికి జ్ఞాపకశక్తి. గంటసేపు దాచి ఉంచే స్ఫటికం ఉంటే, సమాచారాన్ని తీగ మీద పంపే బదులు స్ఫటికాన్నే బండిలో ఇంకో ఊరికి తీసుకెళ్లవచ్చు.