చెరకు తోటకు వేలిముద్ర



జహీరాబాద్ దారిలో చెరకు తోటలు మీరంతా చూసినవే. నరికిన చెరకును వెంటనే గానుగాడించాలి, లేదంటే చక్కెర పడిపోతుంది. అందుకే సీజన్‌లో రాత్రనక పగలనక మనుషులు కావాలి. ఎక్కడికీ పోలేని మనుషులైతే తోట యజమానికి మరీ మంచిది.

1834లో బ్రిటన్ తన వలస రాజ్యాల్లో బానిసత్వం రద్దు చేసింది. పరిహారంగా 2 కోట్ల పౌండ్లు పంచింది, అదీ యజమానులకు. బానిసలకు పైసా రాలేదు. చెరకు తోటల్లో ఆ బానిసలు వదిలిన ఖాళీలో మనవాళ్లను నింపారు. కోరంగి, మద్రాసు రేవుల నుంచి తెలుగువాళ్లు మారిషస్ ఓడలెక్కారు. 1860 నవంబరులో 'ట్రూరో' అనే ఓడ మద్రాసు నుంచి 342 మందితో డర్బన్ చేరింది. 1903 నుంచి మద్రాసు ఓడలు ఫిజీకీ వెళ్లాయి.

"ఇష్టపడే కదా వెళ్లారు" అని నన్ను చాలామంది అడుగుతారు. కరువులో, అప్పుల్లో ఉన్నవాడి ఇష్టం ఎంతని? చదవలేని కాగితం మీద వేలిముద్ర వేశారు, ఐదేళ్లకు కట్టుబడ్డారు. మారిషస్‌లో నెలకు 5 రూపాయలు, తిండి గింజలు. ఒక్కరోజు పనికి రాకపోతే రెండు రోజుల కూలి కోత! మనకు పని మానేస్తే ఉద్యోగం పోతుంది. వాళ్లకు జైలు పడేది. కూలి ఒప్పందం తప్పడాన్ని నేరం చేశారు. నా దృష్టిలో అసలు దుర్మార్గం అదే.

డర్బన్ రేవు ఉన్న దక్షిణాఫ్రికాలోని నేటాల్‌లో గడువు తీరినా వదల్లేదు. తిరిగి ఒప్పందం రాయాలి, లేదా స్వదేశానికి తిరిగి వెళ్లిపోవాలి, రెండూ కాదంటే ఏటా 3 పౌండ్ల పన్ను కట్టాలి. కూలీ మొదటి ఏడాది జీతం నెలకు 10 షిల్లింగులు. అంటే ఆ పన్ను ఆరు నెలల జీతం. 1913లో గనుల్లో, చెరకు తోటల్లో వేలమంది పని ఆపేశారు, దెబ్బలు తిన్నారు, ప్రాణాలూ పోయాయి. మరుసటేడు పన్ను రద్దయింది. ఆ పోరాటం నడిపిన గాంధీగారి పేరు మనకు గుర్తుంది. ఆ కూలీలనూ గుర్తుంచుకోవాలి.

ఈ సభలో కంపెనీలు నడిపేవారు, కాంట్రాక్టర్లు ఉన్నారు. ఆ కూలీలను తలుచుకుంటూ మీకొక విన్నపం. ఒడిశా, బిహార్ నుంచి పనికి వచ్చిన మనిషితో సంతకం పెట్టించే ముందు ఆ కాగితాన్ని అతని భాషలో చదివి వినిపించండి. అతని ఆధార్ కార్డు మీ దగ్గర ఉంచుకోకండి.