బి. నర్సింగరావు సినిమాలు మనవాళ్లు ఎందుకు చూడాలి?

 

నన్ను కళల గురించి మాట్లాడమన్నారు. నేను ఒక్క మనిషి గురించే చెబుతాను. బి. నర్సింగరావు గారిది గజ్వేల్ దగ్గర ప్రజ్ఞాపూర్. గౌతమ్ ఘోష్ దర్శకత్వంలో వచ్చిన 'మా భూమి'కి ఆయన నిర్మాత. తర్వాత తానే దర్శకుడై 'రంగుల కల' (1983), 'దాసి' (1988), 'మట్టి మనుషులు' (1990) తీశారు. 'దాసి'కి ఐదు జాతీయ అవార్డులొచ్చాయి, అందులో అర్చనకు వచ్చిన ఉత్తమ నటి అవార్డు ఒకటి.

'దాసి' కథ చిన్నదే. నిజాం కాలపు తెలంగాణలో ఒక గడీ. దొరసాని కాపురానికొస్తూ ఇత్తడి బిందెలు తెచ్చుకున్నట్టే కమలాక్షినీ తెచ్చుకుంటుంది. ఆ పిల్ల ఊడుస్తుంది, నీళ్లు మోస్తుంది, దొర పిలిస్తే వెళ్తుంది. కడుపొస్తే బిడ్డను ఉంచుకునే హక్కు కూడా లేదు.

హాస్టల్లో ఈ సినిమా పెడితే ఒక పిల్ల "మేడం, ఫైటింగ్ ఎప్పుడొస్తుంది?" అంది. రాదమ్మా. ఆమెను కాపాడే హీరో కూడా రాడు. మాటలు తక్కువ, పని ఎక్కువ. కమలాక్షి ఏడుపు కంటే ఆమె చాకిరీనే ఎక్కువసేపు చూపిస్తారు. చూస్తూ చూస్తూ కోపం మనకొస్తుంది. మా పిల్లలు కాసేపటికి గుసగుసలు మానేశారు.

మూడు సినిమాల్లోనూ ఒకటే బాధ: చేసినవాళ్లకు చేసింది దక్కదు. కమలాక్షి ఊడ్చే గడీ ఆమెది కాదు. 'మట్టి మనుషులు'లో పల్లె వదిలి హైదరాబాద్ వచ్చిన కూలీలు కట్టే మేడలు వాళ్లవి కావు. 'రంగుల కల'లో చిత్రకారుడి మనసు కూలిజనం దగ్గర, బొమ్మలు కొనేది డబ్బున్నవాళ్లు. ఆ పాత్ర నర్సింగరావు గారే వేశారు. అందులో అక్కడక్కడా ఉపన్యాసం వినిపిస్తుంది, ఇప్పుడు నాది వినిపిస్తున్నట్టే. నాకు 'దాసి'యే ఎక్కువ.

ఇది పాత కథ అనుకోకండి. వెట్టి రద్దు చట్టం 1976లో వచ్చింది. అయినా అడ్వాన్సు తీసుకుని ఇటుక బట్టీల్లో చిక్కుకున్న కుటుంబాల పిల్లలు హాస్టళ్లలో ఉన్నారు. మిర్చి కోతలప్పుడు ఆదివారం చూడ్డానికి అమ్మానాన్నలు రాకపోతే ఎందుకు రాలేదో ఇక్కడ ఎవరికీ చెప్పక్కర్లేదు.

ఒక్కటి మాత్రం ఆలోచించండి. కమలాక్షి కథను కమలాక్షి కూతురు తీయలేదు. మన కథ కూడా ఎవరో వచ్చి తీస్తారు, ఎక్కువసార్లు అద్దాల రవికలూ డప్పులూ మాత్రమే తీసుకుని వెళ్తారు. మీ ఫోన్లలోనూ నేను చూసేవి పండగ డాన్సులే. డాన్సు చేయండి, వద్దనను. కానీ అమ్మ మిరపకాయలు కోసే చేతులు ఎవరి ఫోన్లోనైనా ఉన్నాయా?

సంక్రాంతి సెలవులకు వెళ్లినప్పుడు ఐదు నిమిషాలు తీసుకురండి. సినిమా పాట కలపొద్దు. ఏడిపించాలని చూడొద్దు. ఆమె పని మొదలెట్టిన దగ్గర్నుంచి నడుం ఎత్తేదాకా ఆగకుండా తీయండి. ముందు అమ్మను అడగండి. వద్దంటే ఫోన్ జేబులో పెట్టుకుని పక్క సాలు మీరు పట్టండి.