బరిలోనికి దిగుటకు ముందు

చెడుగుడు ఆట నెరుగనివారు మన పల్లెలలో ఉండరు. ఆటగాడు గీత దాటి ఎదిరిపక్షపు బరిలోనికి దిగును. ఊపిరి బిగబట్టి కూత పెట్టును. అందినవానిని తాకి, కూత తెగకముందే మరలి వచ్చి తన గీతను ముట్టవలెను. కూత తెగెనా, ఎంతటి బలశాలియైనను ఆట వెలుపలికి పోవలసినదే. అందుచేత అనుభవము గలవాడు గీత దాటకముందే ఎంత దూరము పోవలెనో, ఎప్పుడు మరలవలెనో మనసున నిర్ణయించుకొనును. పద్మవ్యూహమున ప్రవేశించుట నెరిగియు వెలువడు దారి నెరుగని అభిమన్యుని కథ విన్న మనకు ఈ సంగతి కొత్తది కాదు.

నేడు మన ఇండ్లలో వేరొక బరి వెలసినది. దానికి గీతలేదు, మట్టిలేదు, చుట్టు నిలిచి చూచువారు లేరు. అది సెల్‌ఫోనులో ఉన్నది. పూర్వపు నల్లగొండ, మహబూబునగరము జిల్లాలు 2016, 2019 సంవత్సరములలో విడివడి ప్రధానముగా ఎనిమిది జిల్లాలైనవి; ఆ ఎనిమిదింటిలో ఏ ఊరి రచ్చబండకు పోయినను నలుగురు పిల్లలు తలలు వంచి ఈ ఆట ఆడుచుండుట చూడవచ్చును. వారు ఆ బరిలోనికి ఎట్లు దిగుదురో తెలిసిన పెద్దలు మాత్రము తక్కువ. మేమును మొన్నమొన్నటివరకు తెలియనివారిలోనివారమే.

మాకు తెలియవలసి వచ్చిన కారణమును ముందు చెప్పెదము. మా చెల్లెలు అచ్చంపేట దగ్గరి పల్లెలో ఉన్నది. ఆమె కుమారుడును కోడలును పూణే నగరములో కట్టడపు పనులకు పోయిరి. పాలమూరు పల్లెలకు వలస కొత్త కాదు గదా! పదునాలుగేండ్ల మనుమడు నాయనమ్మ దగ్గర ఉండి చదువుకొనుచున్నాడు. ఇంట ఉన్నది ఒకటే ఫోను. తండ్రి మాట వినిపించునదియు అదే, పిల్లవాడు యుద్ధము చేయునదియు అదే. ఒకనాడు చెల్లెలు పొరుగువారి ఫోనునుండి మమ్ము పిలిచి, "అన్నా, పోరడు ఫోనిడుస్తలేడు. వాళ్ల నాయిన మాట్లాడుతనంటే కట్ చేస్తున్నడు. తండ్రిమీద పావురం లేకుండపాయె" అని కంట తడిపెట్టినది. మేము నల్లగొండ విడిచి, దేవరకొండ మీదుగా, డిండి దాటి ఆ ఊరు చేరితిమి.

గద్దించవలెనని పోయినమాట నిజము. కాని వాడు చెప్పిన సమాధానము మమ్ము ఆపినది. "కట్ చేయకపోతే నాతోటోళ్లు ముగ్గురు చచ్చిపోతరు తాతా. నడిమిట్ల ఎట్ల ఇడిసిపోవాలె?" అన్నాడు. తండ్రిని నిరాకరించుట వాని ఉద్దేశము కాదు. ముగ్గురికి ఇచ్చిన మాటను నిలుపుకొనుచున్నాడు. పిలుపు రాకూడని వేళ వచ్చుచున్నది. ఆ వేళ రాకూడనిదని పూణేలోని తండ్రికి తెలియదు. అప్పుడు మేము వాని ప్రక్కన మంచముపై కూర్చుండి, "మాకును చూపుము. ఇందులోనికి ఎట్లు పోవుదువు?" అని అడిగితిమి. ఆ సాయంకాలము మేము నేర్చినదానినే ఇప్పుడు చెప్పుచున్నాము.

ఆట పేరు బ్యాటిల్‌గ్రౌండ్స్ మొబైల్ ఇండియా. దక్షిణ కొరియా దేశపు క్రాఫ్టన్ అను సంస్థ దీనిని నడుపుచున్నది. దీనికి మాతృకయైన పబ్‌జీ 2017లో కంప్యూటరుపై వెలువడి, 2018లో ఫోనునకు వచ్చినది. మన రాష్ట్రములో బడి పిల్లలకు టీవీ ద్వారా, ఫోనుల ద్వారా పాఠములు 2020 సెప్టెంబరు 1వ తేదీన మొదలైనవి. ఆ మరునాడే భారత ప్రభుత్వము పబ్‌జీ మొబైలును నిషేధించినది. పాఠములకని కొన్న ఫోను ఇంటిలో నిలిచినది. 2021 జూలైలో ఆట కొత్త పేరుతో వచ్చినది. 2022 జూలైలో మరల తొలగింపబడి, 2023 మే మాసమున తిరిగి అనుమతి పొందినది.

ఆటలోనికి దిగుటకు మొదటి మెట్టు ఖాతా తెరచుట. గూగుల్ ఖాతా వంటిదానితో లోనికి పోయి, ఒక మారుపేరు పెట్టుకొనవలెను. ఆ పేరులో పిల్లవాని నిజనామము, ఊరి పేరు, బడి పేరు ఉండరాదు. అది ముక్కు ముఖము తెలియని వందమందికి కనబడును. వయస్సు అడిగినప్పుడు సత్యమే చెప్పవలెను. పదునెనిమిదేండ్ల లోపువారు పెద్దల సమ్మతితో ఆడవలెననియు, దినమునకు మూడు గంటలు మించి ఆడరాదనియు 2023లో ఆట తిరిగి వచ్చినప్పుడు నియమము విధించిరి. వయస్సు పెంచి వ్రాయు పిల్లవాడు తనకు కట్టిన రక్షను తానే విప్పుకొనుచున్నాడు.

రెండవ మెట్టు సిగ్నలు. ఆటగాని వేలి కదలిక దూరమున ఉన్న సర్వరునకు పోయి, దాని ఫలితము తిరిగి వచ్చుటకు పట్టు కాలమును పింగు అందురు. సెకనును వేయి భాగములు చేసి, ఆ భాగములలో దీనిని లెక్కింతురు. పింగు యాభై లోపున్నచో ఆట సాఫీగా సాగును. నూటయాభై దాటినచో మనము తుపాకి పేల్చునప్పటికే ఎదుటివాడు మనలను పడగొట్టి పోవును. నల్లమల అంచున ఉన్న ఊళ్లలో ఒక గదిలో దొరకు సిగ్నలు మరియొక గదిలో దొరకదు. పింగు అంకె తెరపై కనబడును. అది ఎర్రబారినప్పుడు మ్యాచిలోనికి పోకుండుట మేలు. మధ్యలో తెగిపోయినవాడు తాను చెడుటయే కాక తనవారిని కూడ చెరచును. ఓడి విసిగిన పిల్లవాడు మరల మరల ఆడుటకు ఒకొక్కసారి ఈ పింగే కారణము. వాని మొండితనము కాదు.

మూడవ మెట్టు ఏ రీతి పోరు అను నిర్ణయము. ఒంటరిగా పోవుటను సోలో అనియు, ఇద్దరుగా పోవుటను డుయో అనియు, నలుగురుగా పోవుటను స్క్వాడ్ అనియు అందురు. పిమ్మట యుద్ధభూమిని ఎన్నుకొనవలెను. ఎరాంగెల్ అను దీవి పొడవు ఎనిమిది కిలోమీటర్లు, వెడల్పు ఎనిమిది కిలోమీటర్లు. అక్కడి పెద్ద పోరు చివరివరకు నిలిచినచో సుమారు అర్ధగంట పట్టును. నలుగురితో నలుగురు తలపడు చిన్న పోరు కూడ ఒకటి కలదు. అది పది నిమిషములకు మించదు. పెద్దలు గుర్తుంచుకొనవలసిన భేదము ఇదియే. భోజనమునకు పావుగంట ఉన్నదనగా పెద్ద పోరునకు దిగరాదు.

అటుపిమ్మట స్టార్టు అను మీటను నొక్కవలెను. సర్వరు సమానమైన శ్రేణి గలవారిని వెదకి ఒకచోట చేర్చును. వందమంది చేరగనే విమానము దీవి మీదుగా పోవును. ఎవరికి నచ్చినచోట వారు గొడుగు విప్పి దిగుదురు. ఇండ్లలో వెదకి ఆయుధములు సంపాదింతురు. నీలి వలయమొకటి క్రమముగా ముడుచుకొనుచు అందరిని దగ్గరకు తరుమును. వలయము వెలుపల ఉన్నవాని ప్రాణశక్తి క్షీణించును. చివరకు మిగిలిన పక్షమే గెలిచినట్లు. పులి-మేక ఆటలో మూడు పులులను పదునైదు మేకలు చోటులేకుండ కట్టివేయును గదా! ఆ ఉపాయమే ఇక్కడ వలయ రూపము దాల్చినది. భేదమేమనగా, బండపై గీసిన పులి-మేకలో ఎదుటివాని ముఖము కనబడును; ఇక్కడ కనబడదు.

తెలిసినవారితో ఆడదలచినచో, స్టార్టు నొక్కకముందే మిత్రుని పేరు ఎదుట ఉన్న ఆహ్వానపు గుర్తును నొక్కి పిలువవచ్చును. లేదా అతడు పంపిన జట్టు సంకేతమును ఎక్కించి చేరవచ్చును. ఇది ఉత్తమ మార్గము. పిల్లవాడు ఎవరితో ఆడుచున్నాడో పేరుపేరున చెప్పగలుగును. జట్టు నిండనప్పుడు సర్వరు అపరిచితులను చేర్చును. అప్పుడు మైకును, వినికిడిని తన జట్టువరకే ఉంచుకొనవలెను, లేదా రెండింటిని ఆపివేయవలెను. ఊరేది, బడియేది, ఇంట ఎవరున్నారు అని అడుగు గొంతునకు సమాధానము చెప్పనక్కరలేదు. ఆటకు ఆ వివరములతో పనిలేదు.

ఇక మిగిలినది రూము. ఒకరు ప్రత్యేకముగా ఒక గదిని ఏర్పరచి, దాని సంఖ్యను, పాస్‌వర్డును తాము కోరినవారికి పంపుదురు. ఆ రెండింటిని ఎక్కించినవారే అందులో ప్రవేశింతురు. ఒక తరగతి పిల్లలు తమలో తాము పోటీ పెట్టుకొనుటకు ఇది చక్కని సాధనము. కాని మోసము కూడ ఈ ద్వారముననే కాచుకొని యున్నది. మా మనుమనికి ఎవరో అపరిచితుడు సందేశము పంపి, యాభై రూపాయలు చెల్లించినచో రూము సంఖ్య ఇచ్చెదననియు, గెలిచినచో ఐదువందలు వచ్చుననియు నమ్మించినాడు. యాభై నూరైనది, నూరు రెండువందలైనది. సొమ్ము చేరిన పిమ్మట ఒకొక్కసారి సంఖ్యయే రాలేదు. మొత్తము 1,400 రూపాయలు పోయినవి. అది నాయనమ్మ మోకాళ్ల మందులకని కొడుకు పూణేనుండి పంపిన సొమ్ము. ఈ మాట చెప్పునప్పుడు వాడు మా ముఖము చూడలేదు.

సొమ్మొడ్డి ఆడు ఆన్‌లైను ఆటలను మన రాష్ట్రము 2017లోనే గేమింగు చట్టమును సవరించి నిషేధించినది. 2025 ఆగస్టులో పార్లమెంటు ఆమోదించిన ఆన్‌లైను ఆటల చట్టము నేర్పు ఆటయైనను, అదృష్టపు ఆటయైనను పందెపు సొమ్ముతో నడుచుదానిని నిషేధించి, ఈ-స్పోర్ట్సును క్రీడగా గుర్తించినది. చీనా దేశపు హాంగ్‌జౌలో 2023లో జరిగిన ఆసియా క్రీడలలో ఈ-స్పోర్ట్సునకు పతకములు ఇచ్చిరి. కనుక ఆటయంతయు నేరమని పిల్లవానిని భయపెట్టరాదు. ఆట వేరు, పందెము వేరు. కోడిపందెము ఒడంబడికనుండి పల్నాటి యుద్ధము పుట్టినదని కృష్ణకు ఆవలియొడ్డున నేటికిని చెప్పుకొందురు. సొమ్ము పోయినచో దాచిపెట్టక వెంటనే 1930 అను సంఖ్యకు ఫోను చేయవలెను. సైబరు మోసములకై ఏర్పరచిన సంఖ్య అది. ఎంత త్వరగా తెలిపిన అంత మేలు. పిల్లవాడు దాచుటకు కారణము చాలవరకు మన గద్దింపునకు వెరచుటయే గదా!

ఇన్ని విన్న పిమ్మట మేమును ఒకసారి బరిలోనికి దిగితిమి. గొడుగు విప్పుట తెలియక ఏటిలో పడితిమి. ఒడ్డునకు ఈదుకొని వచ్చి నిలుచునంతలో ఎవరో కాల్చివేసిరి. మా చెల్లెలు చాలా దినములకు నవ్వినది. కాని ఆ కొద్ది నిమిషములలో మాకు ఒకటి తెలిసినది. మేము నేల కూలగనే మా జట్టువారు ముగ్గురును మమ్ము లేపుటకై తుపాకి గుండ్ల నడుమ పరుగెత్తి వచ్చిరి. అటువంటి వేళ పిల్లవాని చేతినుండి ఫోనును లాగుకొనుట, చెడుగుడు కూతలో ఉన్నవాని నోరు మూయుటవంటిది.

కావున మేము ఆ ఇంట ఒక ఏర్పాటు చేసితిమి. గంటల లెక్క విడిచి మ్యాచిల లెక్క పెట్టితిమి. బడి ఉన్న దినములలో రెండు, సెలవు దినములలో నాలుగు. స్టార్టు నొక్కకముందు "ఇది ఎన్నవది? ఎవరితో?" అని నాయనమ్మ అడుగును, వాడు చెప్పవలెను. మ్యాచి నడుచుచుండగా పిలువము. అది ముగియగనే ఫోను ఆమె చేతికి ఇచ్చివేయవలెను. సొమ్ము చెల్లించు రహస్య సంఖ్యను మార్చి, ఆమెయొక్కతెయే గుర్తుంచుకొన్నది. చివరగా, పూణేలోని తండ్రికి ఒక వేళను నిర్ణయించితిమి. రాత్రి ఎనిమిది గంటలు. ఏడున్నర దాటిన పిమ్మట పెద్ద పోరునకు దిగరాదని వాడే తన జట్టువారికి చెప్పినాడు. వారును ఒప్పుకొనిరి. ఆ ముగ్గురిలో ఒకని తండ్రి కూడ దూరదేశముననే పనిచేయుచున్నాడట!

ఈ ఏర్పాటు ప్రతిదినము తప్పక సాగుచున్నదని చెప్పజాలము. వారము క్రిందట ఒకనాడు మూడవ మ్యాచి నడచినదని చెల్లెలు ఫోనులో చెప్పినది. అయినను ఎనిమిది గంటల పిలుపు ఇంతవరకు తెగలేదట. మొన్న ఆమె మాతో మాట్లాడుచుండగా నడుమనే ఆగి, "ఉండన్నా, ఎనిమిదయితాంది. వాళ్ల నాయిన చేస్తడు" అని ఫోను పెట్టివేసినది. మాకు సంతోషమే కలిగినది.