ఇయాన్ హోమ్: వేదిక వదిలి, మళ్లీ వేదికకు

బ్రిటిష్ క్యారెక్టర్ నటుడు ఇయాన్ హోమ్ 1931లో పుట్టారు. హెరాల్డ్ పింటర్ నాటకం 'ది హోమ్‌కమింగ్'లో నటనకు 1967లో టోనీ అవార్డు అందుకున్నారు. 1976లో మరో నాటకం వేస్తుండగా సభాపిరికితనం ఆవరించింది. అప్పటినుంచి చాలా ఏళ్లు రంగస్థలానికి దాదాపు దూరంగానే ఉండి, సినిమాల్లో నిలదొక్కుకున్నారు.

'చారియట్స్ ఆఫ్ ఫైర్'లో ఆయనది పరుగుల కోచ్ వేషం. శిష్యుడి పందెం చూడ్డానికి వెళ్లకుండా గదిలోనే కూర్చుంటాడు. కిటికీలోంచి తమ దేశం జెండా పైకి లేవడం కనబడగానే, పట్టరాని సంతోషంతో తన టోపీకి పిడికిలితో చిల్లు పొడుస్తాడు! ఆ పాత్రకే ఆస్కార్ నామినేషన్ వచ్చింది.

1997లో కింగ్ లియర్‌గా వేదికపై మెప్పించి ఒలివియర్ అవార్డు గెలుచుకున్నారు. 'లార్డ్ ఆఫ్ ది రింగ్స్' బీబీసీ రేడియో నాటకంలో ఫ్రోడోకు గొంతిచ్చిన ఆయనే, ఇరవై ఏళ్లకు సినిమాలో బిల్బో అయ్యారు. 2020లో కన్నుమూశారు.