దీపాలదిన్నెకు కాలినడక



మాది కర్లపాలెము. బాపట్లకు తూర్పుగా, సముద్రమునకు చేరువగా నున్న ఊరు. మా ప్రాంతమున మట్టి కలదు, ఇసుక కలదు, నీరు కలదు; ఱాయి మాత్రము లేదు. పొలములో నెంత లోతు త్రవ్వినను గునపమునకు ఖంగుమని తగులునది లేదు. రుబ్బురోలు మొదలుకొని గుడిలోని ధ్వజస్తంభపు దిమ్మె వఱకు మా యూర నున్న ప్రతి ఱాయియు బండిమీదనో పడవమీదనో వచ్చినదే. చిన్ననాట నాకు ఱాయి యనిన పొరుగూరినుండి వచ్చిన చుట్టము వంటిది. మా కాలువనీరును అట్టి చుట్టమే. మేము కృష్ణ పశ్చిమపు కాలువల కొసన నున్నవారము. ఆ నీరు మా చేలను చేరునప్పటికి నడచి నడచి బడలి యుండును.

ఈ నీరు వచ్చిన త్రోవను పట్టుకొని ఎదురు నడచినచో ఱాయి యెచ్చట కనబడును? ఈ యూహతోనే నేను అమరావతికి పలుమాఱులు పోయితిని. నేను చెప్పునది వార్తాపత్రికలలో నిత్యము వినవచ్చు రాజధాని కాదు. ఆ రాజధానికి తన పేరునిచ్చిన పాత అమరావతి గ్రామము. శిల్పమును, ప్రకృతిని ఒక్క పూటలో, ఒక్క నడకలో చూడవలెనన్న ఆంధ్రదేశమున అంతకు మించిన తావు నే నెఱుగను. పోయిన శీతకాలమున మా యూరి బడిపిల్లలను పండ్రెండుగురిని వెంటబెట్టుకొని పోయితిని. ఆ త్రోవనే ఈనాడు మిమ్మును తీసికొనిపోయెదను.

బాపట్లలో రైలెక్కి, తెనాలి మీదుగా గుంటూరు చేరి, అచ్చటనుండి బస్సుపై ముప్పదికి పైగా కిలోమీటర్లు పోయిన అమరావతి వచ్చును. శుక్రవారము మాత్రము పోవలదు. ఆనాడు మ్యూజియము మూసియుందురు. ప్రొద్దెక్కకముందే ఏటి యొడ్డు చేరుట మంచిది. ఆ పిమ్మట బండితో పనిలేదు. దినమంతయు తిరిగినను నడక ఐదాఱు కిలోమీటర్లకు మించదు.

మొదట కృష్ణను చూడవలెను. రేవు మెట్లమీద కూర్చుండిన, ఎదుట విశాలమైన నీరు, నడుమ ఇసుక తిన్నెలు, వానిపై బారులు తీరిన కొంగలు కానవచ్చును. లకుముకిపిట్ట నీటిలో మునిగి చేపతో లేచును. మంచు విడిపోవుచుండగా నీటిపై చిన్న చిన్న అలలు ఒకదాని వెనుక నొకటి ఒడ్డునకు వచ్చును. పిల్లలతో ఇట్లంటిని: "మూడు వస్తువులను మనస్సులో నుంచుకొనుడు. ఒకటి అల. రెండవది తామర, అది మన యూరి చెఱువులలో చూచినదే. మూడవది చెట్టునకు ప్రాకిన తీగ. మధ్యాహ్నము అడిగెదను." ఎందులకో వారికి చెప్పలేదు.

రేవునుండి నాలుగడుగులు వేసిన అమరేశ్వరాలయము. పంచారామములలో నిది యొకటి. లింగము మిక్కిలి పొడవైనది. అర్చకులు మెట్లెక్కి పైనుండి అభిషేకము చేయుదురు. భక్తులు దేవుని దర్శించి వెడలిపోవుదురు. కాని ఆ గుడిలో శాసనముగల స్తంభ మొకటి కలదు. దానియొద్ద నొక్క క్షణము నిలువవలెను. 1182వ సంవత్సరమున కోట కేతరాజు వేయించిన ఆ శాసనమున, ధాన్యకటకమున అమరేశ్వరుడున్నాడనియు, బుద్ధదేవుని మహోన్నత చైత్యమున్నదనియు ఒక్క యూపిరిలో చెప్పబడినది. ఆ రాజు బుద్ధునకు గ్రామములను, దీపములను ఇచ్చినాడు. శివాలయపు స్తంభము బుద్ధుని దీపములను ఎనిమిదివందల సంవత్సరములకు పైగా జ్ఞాపకముంచుకొన్నది. మన పూర్వులు గొడవపడలేదని నే ననను. గొడవపడకుండుట కూడ వారికి తెలిసియుండెనని మాత్రము ఈ స్తంభము చెప్పుచున్నది.

అచ్చటినుండి ఊరి వీథులలో నడచిపోయిన మ్యూజియము వచ్చును. ఆవరణమున స్తూపము యొక్క చిన్న నమూనా కట్టియున్నారు. మొదట దానిని చుట్టి రావలెను. పాడుపడిన దానిని చూచుటకు ముందు పరిపూర్ణమైన దానిని కన్నులలో నింపుకొనవలెను. గుండ్రని అండము, దాని క్రింద వేదిక, నాలుగు దిక్కుల ముందుకు పొడుచుకొని వచ్చిన అరుగులు, ఒక్కొక్క అరుగుపై ఐదేసి ఆయక స్తంభములు, వీనినన్నిటిని చుట్టి ఱాతి కంచె. సాంచిలో వలె ఇచ్చట పెద్ద తోరణములు లేవు. ఆయక స్తంభములే మన ఆంధ్ర స్తూపముల గుర్తు.

లోనికి పోయి ఱాతిని చూడుడు. లేత పచ్చనిచాయ తగిలిన తెలుపు. పాలఱాయి యని లోకులందురు గాని, ఇది పలనాటి సున్నపుఱాయి. మెత్తనిది, ఉలికి వెన్నవలె లొంగును. అందుచేతనే శిల్పి వ్రేలిగోరంత తావున ముఖమును, ముఖమున చిఱునవ్వును చెక్కగలిగినాడు. ఈ మెత్తదనమును గుర్తుంచుకొనుడు. దీనివలన వచ్చిన కీడు ముందు చెప్పెదను.

మ్యూజియములో పిల్లలను వదలి నేను మాటలాడక నిలిచితిని. కంచె స్తంభములపై నిండు పళ్లెమంత తామరలు రేకులు రేకులుగా విచ్చియున్నవి. పిల్లలు వానిని వెంటనే పోల్చుకొనిరి. తీగయు దొరకినది. ఇక అల. కంచె తలపైని పొడవైన దూలముపై, లావైన పూదండను బాలురు భుజములపై మోయుచున్నట్లు చెక్కియుందురు. ఆ దండ ఒకచోట పైకి లేచును, ఒకచోట క్రిందికి దిగును, మఱల లేచును. మాలో ఒక పిల్లవాడు, తరగతిలో నోరు విప్పనివాడు, దాని యెదుట చాలసేపు నిలిచి, "మాష్టారూ, ఇది దండ కాదండి, అలండి" యన్నాడు.

శ్రోతలారా, నాకు తెలిసిన శిల్పపాఠములలో ఇంతకు మించినది లేదు. ఉదయమున ఏటిని చూడనివానికి అది దండయే. చూచినవానికి శిల్పి ఎచ్చట కూర్చుండి నేర్చుకొనెనో తెలియును. ప్రదర్శనశాలను ఒకనాడు, ప్రకృతిని వేఱొకనాడు చూచువారు రెంటను సగమే చూతురు.

ఇంకొక సంగతి. ఇచ్చటి ఱాళ్లపై దాతల పేర్లు చెక్కియున్నవి. వారందఱు రాజులు కారు. పరిమళద్రవ్యము లమ్మువారు, జలశాల నడపువారు, భిక్షుణులు, ఇల్లాండ్రు కలరు. విధికుడను చర్మకారుడు తల్లితో, ఆలితో, అన్నదమ్ములతో, బిడ్డలతో కూడి పూర్ణకుంభము చెక్కిన ఫలకమును దానమిచ్చినట్లు ఒక శాసనము చెప్పుచున్నది. ఈనాడు ఆంధ్రప్రదేశ రాజముద్రలో నున్నది పూర్ణఘటమే. ఆ ఘటమును చూచినపుడెల్ల నాకు రాజులు స్ఫురింపరు. తోలు కుట్టు ఆ గృహస్థుడును, వాని కుటుంబమును స్ఫురింతురు.

ఇప్పుడు స్తూపమునొద్దకు పోదము. ఊరివారు దానిని దీపాలదిన్నె యనెడివారు. సుమారు యాబది మీటర్ల వ్యాసముగల ఇటుక వలయము, చుట్టును నిలిపిన కొన్ని పలకలు, గడ్డి, ఆకాశము. అంతే. నమూనాను చూచి వచ్చిన పిల్లలు దిక్కులు చూచిరి. ఒకడు, "ఇంతేనా అండీ? తక్కిన దేమైనది?" అని అడిగినాడు.

పూర్వము ఈ ప్రశ్నకు నా యొద్ద సులభమైన సమాధానముండెను: "తెల్లదొరలు ఎత్తుకొనిపోయిరి." అది అబద్ధము కాదు, కాని సగము నిజము. తక్కిన సగమును ఆ పిల్లలకు చెప్పవలసివచ్చినది.

క్రీస్తుకు పూర్వము మూడవ శతాబ్దమున మొదలై, శాతవాహనుల కాలమున పెంపొందిన ఈ స్తూపము చిరకాలము నిలిచినది. సింహళమున గడలాదెనియ యొద్దనున్న 1344 నాటి శాసనమున, ఆ దేశపు భిక్షువొకడు ధాన్యకటకమున ఆలయమును బాగుచేయించెనని యున్నది. పిమ్మట దీనిని తలచువారు లేరైరి, మట్టి కప్పినది. పదునెనిమిదవ శతాబ్దపు చివర వాసిరెడ్డి వేంకటాద్రి నాయుడుగారు ఇచ్చట క్రొత్త పట్టణము కట్టించుచుండగా, ఇటుకలకొఱకును ఱాళ్లకొఱకును దిన్నెను త్రవ్విరి. ఆయన గొప్ప దాత. కాని ఆనాడు పాత ఱాయి యెవ్వరిదియు కాదు. 1797లో కాలిన్ మెకంజీ వచ్చి చూచినాడు. 1816లో మఱల వచ్చునప్పటికి దిన్నె నడుమ చెఱువునకై గొయ్యి త్రవ్వియుండెను. ఆయన చిత్రకారులచే మిగిలిన శిల్పములకు పటములు వ్రాయించెను. అందలి ఱాళ్లు కొన్ని నేడు లోకమున లేవు. పటములు మాత్రము కలవు.

ఏమైనవి ఆ ఱాళ్లు? సున్నపుఱాయి యని చెప్పితిని గదా. సున్నపుఱాయిని బట్టీలో వేసి కాల్చిన సున్నమగును. ఏ మెత్తదనముచేత అది శిల్పమైనదో, ఆ గుణమే దానిని బట్టీ పాలు చేసినది. చిఱునవ్వులు, తామరలు, విధికుని వంటివారి పేర్లు గోడలకు సున్నమైపోయినవి. ఆ గోడలు మనవి.

1845లో వాల్టర్ ఎలియట్ త్రవ్వించి మదరాసునకు పంపిన ఫలకములు 1859లో ఓడ యెక్కి లండను పోయినవి. బ్రిటిషు మ్యూజియమున నేడును నూటికి పైగా అమరావతి శిల్పములు కలవు. 1881లో బర్జెస్ వచ్చి వెదకి తీసినవానిలో పెక్కులు మదరాసు మ్యూజియమునకు పోయినవి. మదపుటేనుగు నాలగిరి వీథిలో విజృంభించుటయు, బుద్ధుని పాదములకడ మోకరిల్లుటయు ఒక్క చక్రములోనే చూపిన సుప్రసిద్ధ శిల్పము నేడు చెన్నైలోనే యున్నది.

కావున పిల్లవానికి నేనిచ్చిన సమాధానమిది: "పోయినవి మూడు విధములుగా పోయినవి. చెన్నైకి పోయినవానిని రైలెక్కి చూడవచ్చును. లండనునకు పోయినవానిని రమ్మని అడుగవచ్చును, అడుగవలెను కూడ. దీపముల వెలుగున, కృష్ణ కానరాని గోడలమధ్య, అది దండయో అలయో చెప్పువా డచ్చట లేడు. కాని మనము కాల్చినది ఎవ్వరినడిగినను రాదు." అడుగు హక్కు మిగిలినదానిని కాపాడువారికే చెల్లునని నా నమ్మకము.

ఎండ తగ్గిన పిదప ధరణికోటకు నడచితిమి. పడమటగా ఒక కిలోమీటరు. ప్రాచీన ధాన్యకటకమదియే. మట్టికోట గట్టు నేడును తెలియును. గట్టుపైనుండి చూచిన కృష్ణపై ప్రొద్దు క్రుంకుచుండెను. ఉదయమున వెండివలె నున్న నీరు అప్పుడు రాగివలె నుండెను. పిల్లలెవ్వరును మాటలాడలేదు.

మేము అంత దూరము పోయితిమి గాని, ఇదే కథ మా యింటి ప్రక్కనే కలదు. రేపల్లె రైలు త్రోవలో భట్టిప్రోలున్నది. అచ్చటి స్తూపపు ఇటుకలను బాటలకు, ఱాళ్లను కాలువ పనులకు వాడుకొనిరి. మిగిలినదానిని 1892లో అలెగ్జాండర్ రీ త్రవ్వగా శాసనములుగల ఱాతి బరిణెలు దొరకినవి. దక్షిణదేశపు ప్రాచీన లిపులను తెలిసికొనుటకు ఆ యక్షరములు అమూల్యములు. అవి దొరకుటకు ముందు ఎన్ని బాటలపాలైనవో ఎవ్వరు చెప్పగలరు? మీ యూరినుండి ఒక పూటలో పోగల దిన్నె యేదో మీరును విచారింపుడు; పిల్లలను వెంటబెట్టుకొని నడచి పొండు.

తిరిగి వచ్చిన వారమునకు మా యూరి కాలువ రేవున ఆ మాటలాడని పిల్లవాడు కనబడినాడు. నీరు తగ్గియుండెను. గుడ్డలుదుకు బండ యొకటి ఒడ్డున వంగియున్నది. వాడును, వాని నేస్తమును కలిసి చెమటలు కాఱ దానిని తిరుగవేయుచున్నారు. "ఏమిరా?" అంటిని. "క్రిందివైపు చూడవలెనండి" అన్నాడు.

చూచితిమి. బురద తప్ప ఏమియు లేదు. బురద కడిగి, బండను మఱల యథాస్థానమున నుంచినారు.